గుగ్గిలం అడవిలో రెండు గదుల బడి

పోయిన నెల ఖరగ్‌పూర్ గోల్‌బజార్‌లో చేపల వరుస దాటి బయటికి వస్తూంటే, ఎవరో ఒకావిడ చేతి సంచీ కింద పెట్టి నా కాళ్లకు దణ్ణం పెట్టింది. లేచి నిలబడ్డాక పోల్చుకున్నాను. ఎన్నో ఏళ్ల కిందట నేను పనిచేసిన అడవి బడిలో పిల్లలకు అన్నం వండిపెట్టే ఆమె కూతురు. అప్పుడు పదేళ్ల పిల్ల. తల్లి తరవాత ఆ వంటపని తనే చేసిందట.

"దీదీమణీ, మన బడి మూసేశారు. పిల్లలు మరీ తక్కువైపోయారని పక్క ఊరి పెద్దబడిలో కలిపేశారు" అని బెంగాలీలో చెప్పింది. పంతులమ్మను అక్కడ దీదీమణి అనే పిలుస్తారు. తన కూతురు కూడా ఇప్పుడు ఆ పెద్దబడికే వెళుతోందంది. వెళ్లబోతూ ఆగి, "అమ్మతో మీ ఇంటికి వచ్చాను ఒకసారి, గుర్తుందా?" అని అడిగింది.

గుర్తులేదన్నాను. ఆమె నవ్వేసి, రైలుకు వేళయిందని వెళ్లిపోయింది. నేను ఇంటికి వచ్చి చేపలు కడిగి, పులుసు పెట్టుకుని తిన్నాను. బాధగా ఉందేమోనని నన్ను నేను తడిమి చూసుకున్నాను. పన్ను పీకేముందు మత్తుసూది పొడిచిన దవడలా ఉంది, అంతే. వాళ్లు మా ఇంటికి వచ్చిన ఆ రోజు నాకు ఎంత బాగా గుర్తుందో ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు.

మా తాత శ్రీకాకుళం వైపు నుంచి ఖరగ్‌పూర్ వచ్చి రైల్వే వర్క్‌షాపులో చేరాడు. నాన్నా అక్కడే వ్యాగన్ల మరమ్మతు చేసి రిటైరయ్యాడు. ఇంట్లో తెలుగు, వీధిలో హిందీ, బడిలో బెంగాలీ, ఇలా మూడు భాషల్లో పెరిగిన తరం మాది, ఈ ఊళ్లో నా ఈడువాళ్లకు వేరే చెప్పక్కర్లేదు. బెంగాలీలో చదివినందువల్లే నాకు ప్రాథమిక పాఠశాలలో ఉద్యోగం దొరికింది. పొద్దున్నే పాసింజరెక్కి ఒక చిన్న స్టేషన్‌లో దిగి, అక్కడ టీకొట్టు వెనక పెట్టుకున్న సైకిలు తీసుకుని, గుగ్గిలం చెట్ల మధ్య ఎర్ర గరప దారిలో గంటసేపు తొక్కితే సంతాలుల గూడెం, దాని చివర పెంకుల కప్పుతో రెండు గదుల బడి. వానాకాలంలో వాగు పొంగితే సైకిలు ఇవతలే వదిలి, చీర ఎత్తికట్టి దాటేదాన్ని. ఉపాధ్యాయులం ఇద్దరమే, పెద్దమాస్టారూ నేనూను.

చేరిన మొదటిరోజు ఒక చిన్నపిల్ల నా దగ్గరికొచ్చి "దా, దా" అంది. ఈ అడవిలో తెలుగెలా వచ్చిందా అనుకుంటూ, రమ్మంటోంది కాబోలని దాని వెనకే నడిచాను. నేను వెంట ఎందుకు వస్తున్నానో తెలియక అది బిక్కమొహం వేసి నిలబడిపోయింది. పెద్దమాస్టారు నవ్వు ఆపుకోలేక, వాళ్ల భాషలో ఆ మాటకు నీళ్లని అర్థమనీ, పిల్ల దాహమంటోందనీ చెప్పారు. బెంగాలీ వాళ్లదీ కాదు, నాదీ కాదు. రెండు పక్కల నుంచీ తడుముకుంటూ ఆ భాషలో మధ్యలో ఎక్కడో కలుసుకునేవాళ్లం.

ఆ తరవాత కొన్నేళ్లకు వంటామె వచ్చింది. ఆమె కూతురికి అక్షరం కనిపిస్తే ఆగేది కాదు. పప్పు పొట్లం కట్టిన కాగితం, నా రైలు టిక్కెట్టు, మందు సీసా మీద చీటీ, ఏది దొరికితే అది చదివేది. నాలుగో తరగతి అయ్యాక పిల్లను మా ఊళ్లో ఆడపిల్లల హాస్టలున్న హైస్కూల్లో చేర్పిస్తానని ఆమెకు మాటిచ్చాను. ఫారం నింపడం దగ్గర్నుంచి అన్నీ నేనే చూసుకుంటానన్నాను.

ఈలోగా పెద్దమాస్టారు రిటైరయ్యారు. ఆయన చోటికి ఎవరూ రాలేదు. మూడేళ్లు నాలుగు తరగతులూ నేనొక్కదాన్నే నెట్టుకొచ్చాను. అప్పుడే నాన్నకు పక్షవాతం వచ్చింది. అమ్మ ఒక్కతే ఆయన్ను లేపి కూర్చోబెట్టలేక నడుం పట్టేసి ఏడుస్తుంటే, బదిలీకి దరఖాస్తు పెట్టాను. ఇంటికి నడిచివెళ్లేంత దూరంలోని బడికి ఆర్డరు వచ్చింది. గూడెంలో ఎవరికీ చెప్పలేదు. చివరిరోజు కూడా ఎక్కాలు చెప్పించి, తలుపుకు తాళం వేసి వచ్చేశాను.

ఎవరి ద్వారా తెలిసిందో, ఆ ఆదివారం వాళ్లు వచ్చారు. వంటామె, పిల్ల, గూడెం పెద్ద. అడ్రసు అడుగుతూ అడుగుతూ మా గేటు దాకా వచ్చారు. నేను వంటగదిలో ఉన్నాను. అమ్మ గొంతు తగ్గించి, "ఆ అడివోల్లు వచ్చినారే. నువ్వు ఇంట్లో లేవని సెప్పీమంటావా?" అంది. తలూపాను.

అమ్మ వెళ్లి చెప్పింది. వాళ్లు వెళ్లలేదు. నేను వచ్చేదాకా ఉంటామని గేటు బయట కూర్చున్నారు. నేను బియ్యం ఏరాను, కూర తరిగాను, గిన్నెలు తోమాను. గంట దాటింది. కిటికీ పక్క మంచం మీద నుంచి నాన్నకు వాళ్లు కనిపిస్తున్నారు. నన్ను పిలిచి, వంకరపోయిన నోటితో ఒక్కొక్క మాటే కూడగట్టుకుని అన్నాడు.

"ఏటే ఇది? ఆ పిల్ల ఎండలో కూకున్నాది. నువ్వు దాగున్నావు. ఎల్లి మాటాడు."

వెళ్లాను. నేను ఇంట్లోంచే రావడం ముగ్గురూ చూశారు. లోపలికి పిలిచి నీళ్లిచ్చాను. నువ్వు వెళ్లిపోతే ఎవరొస్తారని గూడెం పెద్ద అడిగాడు. నా చేతుల్లో ఏముంది, పైనుంచి ఆర్డరు అన్నాను. దాన్ని నేనే అడిగి తెచ్చుకున్నానని చెప్పలేదు. ఆయన నమ్మి, తలూపాడు. అప్పుడు వంటామె వచ్చీరాని బెంగాలీలో, "పిల్లను మీ ఇంట్లో ఉంచుకో దీదీమణీ. పని చేస్తుంది, చదువుకుంటుంది" అంది. పిల్ల మా గోడమీద తెలుగు క్యాలెండరు ముందు నిలబడి, ఆ అక్షరాలేమిటో తెలియక వేలితో వాటి వంపులు దిద్దుతోంది.

హాస్టలు ఫారాలు ఇవ్వడం మొదలుపెట్టగానే కబురు చేస్తానన్నాను. అమ్మ అన్నం పెట్టింది. తిని, కంచాలు వాళ్లే కడిగి పెట్టి వెళ్లారు.

హాస్టలువాళ్లు ఫారాలు ఇవ్వడం మొదలుపెట్టిన వారంలోనే నాన్నకు రెండోసారి పక్షవాతం వచ్చింది. అయిదురోజులకు పోయాడు. అందుకే కబురు చెయ్యలేకపోయానని చాలాకాలం నాకు నేనే చెప్పుకున్నాను. కర్మకాండ ముగిశాక కూడా ఫారం ఇచ్చే గడువు ఇంకా పదిరోజులుంది. ఆ పదిరోజులూ కొత్త బడికి వెళ్లాను, వచ్చాను, బట్టలు ఇస్త్రీ చేసుకున్నాను. స్టేషన్ ముందునుంచే నడిచేదాన్ని. రైలు ఎక్కలేదు.

ఆ తరవాత గూడెం బడికి ఒక మాస్టారిని వేశారనీ, ఆయన వారంలో రెండు రోజులు వచ్చేవాడనీ విన్నాను. ఊరి బడిలో నేను చాలా ఏళ్లు పనిచేశాను. ఫ్యాన్లు, బెంచీలు, తరగతికొక టీచరు, అన్నీ ఉండేవి. అక్కడ చదివిన పిల్లల పేర్లు ఇప్పుడు పదైనా చెప్పలేను. గూడెం బడిలో ఏ పిల్ల ఏ గోడకు ఆనుకుని కూర్చునేదో మాత్రం చెప్పగలను.

వాగు మీద వంతెన పడిందట. దారికి తారు వేశారట. స్టేషన్ దగ్గర టోటో, అదే బ్యాటరీ రిక్షా, ఎక్కితే పావుగంటలో గూడెంలో దిగొచ్చట. మా రోజుల్లో బడి ఉంది, దారే లేదు. దారి వచ్చింది, బడి పోయింది. పిల్లలకు మంచే జరిగింది, పెద్దబడిలో కంప్యూటర్లు కూడా ఉన్నాయంటున్నారు, కాదనను. ఒక్కటే అనిపిస్తుంది. వెళ్లడం కష్టమైన కాలంలో పన్నెండేళ్లు రోజూ వెళ్లివచ్చాను. ఇంత సుఖంగా వెళ్లే వీలు వచ్చాక, అక్కడికి వెళ్లి ఎవరి ముందు నిలబడాలో తెలియడం లేదు.