మీనారాధన అన్న మాట

మొన్న ఎండాకాలం సెలవులకు మా చెల్లెలి మనవరాలు కడపలో మా ఇంటికి వచ్చింది. ఆ పిల్లకు మాటల పోటీల పిచ్చి. ఎవరికీ పనికిరాని ఇంగ్లీషు మాటలు రోజుకొకటి ఫోనులో వస్తాయట, అవి బట్టీపట్టి పోటీలకు పోతుంది. ఒకరోజు నేను గోంగూర ఒలుచుకుంటూ కూర్చుంటే పక్కన చేరి, "అవ్వా, చాపలకు పూజ చేసేదానికి ఒక మాట ఉండాదంట, తెలుసునా?" అని అడిగి, తనే "ఇక్తియోలాట్రీ" అని నాలుక మెలిక తిప్పుకుంటూ పలికింది. అర్థాలు కూడా తనే చదివింది. చేపను దేవుడని కొలవడం ఒకటి, చేపలంటే మితిమీరిన మోజు ఉన్నవాళ్ళను ఎగతాళి చేయడం ఇంకొకటి. "తెలుగులో దీనికి మాట ఉండదులే," అని తేల్చేసింది. ఉద్యోగమంతా బడిలో తెలుగు చెప్పినదాన్ని, ఊరుకుంటానా? ఉంది, మీనారాధన, అన్నాను. ఏ నిఘంటువులో ఉందని అడిగింది. నిఘంటువులో చూడలేదు, గుడిలో విన్నానని చెప్పాను. గుడి అంటే మాకు చర్చి. చర్చిలో చేపల పూజేమిటని ఆ పిల్ల పడీ పడీ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. గోంగూర చేట పక్కకు నెట్టేశాను.

ఆ మాట పడింది మా పెద్దమ్మ మీద. మా అమ్మకు అక్క ఆమె. నాకు టీచరు ఉద్యోగం వచ్చి మొదటిసారి వేసింది ఓర్వకల్లు పక్కన ఒక పల్లెకు. చుట్టూ నల్ల బండల గుట్టలు, గుట్టల మధ్య ఎర్రమట్టి చేన్లు, పొద్దున ఒక బస్సు, సాయంత్రం ఒక బస్సు. పెద్దమ్మవాళ్ళు ఆ ఊళ్ళోనే ఉండేవారు కాబట్టి నాకు అద్దె ఇల్లు వెతుక్కునే పని లేకపోయింది. పెద్దనాయన మా చర్చి సంఘంలో ఒక పెద్ద. దారంతో చెవికి కట్టుకున్న కళ్ళజోడు సర్దుకుంటూ ఆదివారం గుడిలో పాఠం చదివేవాడు. మిగతా రోజుల్లో అరక పట్టేవాడు. ఊరి బయట కొంచెం చేను, ఆ చేనిలో ఒక దిగుడుబావి, అదే వాళ్ళ ఆస్తి. పెద్దమ్మ మాత్రం మనిషి నిండుగా, గొంతు ఇంకా నిండుగా ఉండేది. ఆమె పొయ్యి దగ్గర కూర్చుని పిలిస్తే చేనిలో ఎద్దులు కూడా తల తిప్పేవని పెద్దనాయన అనేవాడు.

చేపలంటే ఆమెకు ప్రాణం. కర్నూలునుంచి ఒక సాయిబు మోపెడ్డు మీద తుంగభద్ర చేపలు తెచ్చేవాడు. అతని హారను వీధి మలుపులో వినబడగానే పెద్దమ్మ చేతిలో ఏ పని ఉన్నా వదిలేసి పరుగెత్తేది. చింతపండు పులుసులో తలకాయ తనకే పడాలి. ముళ్ళు ఒక్కొక్కటే తీసి పళ్ళెం అంచున వరసగా పేర్చేది, ఆ సేపు ఆమెతో ఎవరూ మాట్లాడకూడదు. "పరలోకంలో చాపల పులుసు లేదంటే మీ పెద్దమ్మ వాకిట్లోనుంచే తిరిగొస్తాది పాపా," అని పెద్దనాయన నాతో అనేవాడు. "యేసుప్రభువు శిష్యులకు కాల్చి పెట్టింది చాపలేనప్పా, వంకాయలు కాదు," అని ఆమె తల ఎత్తకుండానే జవాబిచ్చేది. మా మనవరాలు చదివిన రెండో అర్థం ప్రకారమైతే మా పెద్దమ్మ అప్పటికే మీనారాధకురాలు.

వాళ్ళకు ఒక్కడే కొడుకు. ఇక పిల్లలు పుట్టరని అందరూ ఆశ వదులుకున్నాక పుట్టినవాడు. కర్నూలులో పాలిటెక్నిక్ చదువుతూ శనివారం శనివారం ఊరికొచ్చేవాడు. బావిలో పురుగు పడుతున్నదని, ఒకసారి బస్సులో ప్లాస్టిక్ బిందె ఒళ్ళో పెట్టుకుని కొర్రమీను పిల్లలను తెచ్చి వదిలాడు. "పెద్దవైనంక పులుసు నీకేమా," అని తల్లికి మాటిచ్చాడు. అవి పెద్దవయ్యాయి, గుడ్లు పెట్టాయి. ఒక సాయంత్రం నన్నూ పెద్దమ్మనూ బావికి తీసుకుపోయి చూపించాడు. నీళ్ళ మీద పండుమిరప పొడి చల్లినట్టు ఎర్రగా పిల్లల గుంపు, దాని కింద చీకట్లో కదలకుండా రెండు నల్లని వీపులు. "తల్లీ తండ్రీ రెండూ కాపలా కాస్తాండాయి చూడక్కా, దగ్గిరికి ఏదొచ్చినా కొరుకుతాయి," అన్నాడు. పెద్దమ్మ మెట్టు మీద గొంతుక్కూర్చుని చాలాసేపు చూసి, "వీటిని నేనెట్ల తినేదిరా ఇంక," అని నవ్వింది.

ఆ మరుసటి ఏడు వానలు వెనకబడ్డాయి. ఒక శనివారం మోటారు నీళ్ళు లాగడం లేదని ఆ పిల్లవాడు ఒక్కడే బావిలోకి దిగాడు. కింది మెట్ల మీద పాచి. కాలు జారి తల రాతికి తగిలి నీళ్ళలో పడ్డాడని తర్వాత అనుకున్నాం. చూసినవాళ్ళు ఎవరూ లేరు. మధ్యాహ్నం అన్నానికి రాకపోతే పెద్దమ్మ ఇంటి ముందు నిలబడి ఆ పెద్ద గొంతుతో పిలిచింది. పిలిచీ పిలిచీ, తర్వాత తనే చేనికి పోయింది. గుడి వెనక సమాధుల తోటలో వేపచెట్టు పక్కన వాణ్ణి పెట్టాం. ఆ తర్వాత ఆ ఇంట్లో ఆ గొంతు నేను వినలేదు. మాట్లాడేది, కానీ పక్కగదికి కూడా వినబడేది కాదు. మోపెడ్డు హారను వినబడితే లేచి లోపలికి పోయేది. సాయిబు కొన్నాళ్ళు మా వాకిట్లో ఆగి చూసి, తర్వాత హారను కొట్టకుండానే దాటిపోవడం అలవాటు చేసుకున్నాడు.

కొన్ని నెలలకు ఆమె పొద్దున్నే జొన్నరొట్టె చుట్టుకుని బావికి పోవడం మొదలుపెట్టింది. పెద్దనాయన ఆ బావి వైపు తల కూడా తిప్పేవాడు కాదు, సేద్యం కౌలుకిచ్చేశాడు. నాకు భయం వేసి ఒకరోజు వెంట పోయాను. ఆమె పైమెట్టు మీదే కూర్చుని రొట్టె తుంచి వేసింది. నల్లని వీపులు పైకి తేలాయి. "తిన్యారా? అందరూ వచ్చినారా? నిదానంగా తినండి, యాడికీ పోదు," అంటున్నది. బస్సు దిగి వచ్చిన కొడుకుకు అన్నం పెడుతూ అన్న మాటలే అవి.  ఇద్దరం ఇంటికి వచ్చేశాం.

ఇంతటితో ఆగి ఉంటే ఏమీ అయ్యేది కాదు. చేన్లకు పోయే ఆడవాళ్ళు ఆమెను చూశారు. ఆమె మెట్టు మీద కూర్చోగానే చేపలు లేచి రావడం చూశారు. ఒకరోజు పోయేసరికి బావి రాతికి పసుపు పూసి కుంకుమ బొట్టు పెట్టి ఉంది. పెద్దమ్మ చెంగుతో తుడిచేసింది. మరునాడు టెంకాయ చిప్పలు. ఎవరికో జ్వరం తగ్గిందన్నారు, ఎవరికో తప్పిపోయిన మేక దొరికిందన్నారు. చాపలమ్మ బావి అని పేరు పడింది. "ఈడ ఏమీ ల్యా, పోండమ్మా," అని ఆమె చేతులు జోడించి పంపేది. వాళ్ళు ఆ జోడించిన చేతులకే తిరిగి దండం పెట్టేవారు. చివరికి ఒక చిన్నవయసు తల్లి మూర్ఛలొచ్చే బిడ్డను ఎత్తుకొచ్చి పెద్దమ్మ కాళ్ళ మీద పడింది. బిడ్డను చూశాక పెద్దమ్మ కాదనలేకపోయింది. చేతిలో ఉన్న రొట్టెముక్క ఆ తల్లికిచ్చి, "నువ్వే వెయ్యి తల్లీ," అంది. అంతే. ఆ సాయంత్రానికే ఆ సంగతి గుడికి చేరింది.

మా గుడికి కొత్తగా వచ్చిన పాస్టరు అయ్యగారు చిన్నవాడు, చెడ్డవాడు కాదు. మా పిల్లవాడు పోయినప్పుడు ఆయన ఆ ఊళ్ళో లేడు. ఆదివారం ప్రసంగంలో విగ్రహారాధన గురించి చెబుతూ, "మన సంఘంలోనే మీనారాధన పుట్టింది," అన్నాడు.  పూజ అనలేదు, మొక్కు అనలేదు. ఆరాధన అన్నాడు. మాకు ఆరాధన అంటే ఆదివారం అక్కడ కూర్చుని చేసేదే, ఇంకొకటి లేదు. ఆ మాటను తీసుకుపోయి బావిలో వేసినట్టయింది. కింద కూర్చున్న ఆడవాళ్ళంతా ఒక్కసారి పెద్దమ్మ వైపు తిరిగారు. ఆమె పాటల పుస్తకం ఒళ్ళో పెట్టుకుని అట్లాగే కూర్చుంది.

ఆరాధన ముగిశాక సంఘ పెద్దలు ఆగారు. పెద్దమ్మను నిలబెట్టారు, నేను పక్కన నిలబడ్డాను. ఆ పెద్దల బెంచీ మీదే పెద్దనాయన కూడా ఉన్నాడు.

"అయ్యగారూ, ఆరాధన అంటే ఏంది?" అని పెద్దమ్మ అడిగింది.

"వంగి నమస్కరించడం, వరం అడగడం, నమ్ముకోవడం, అన్నీనమ్మా."

"నేనేమీ అడగల్యా. మావాడు కడాకు కండ్లు మూసేటప్పుడు పక్కన ఎవురుండ్రి? నేను ల్యా, వాని నాయన ల్యా, మీరెవురూ ల్యా. అవే ఉండ్రి. పలకరించేకి పోతాండా."

 అయ్యగారు కళ్ళు దించుకున్నాడు. అప్పుడు పెద్దమ్మే మళ్ళీ అంది, ఇంకా చిన్న గొంతుతో. "ఏమో అయ్యగారూ. పొద్దున లేస్తానే ముందు గుర్తొచ్చేది అవే. ప్రార్థన తర్వాతనే గుర్తొస్తాది. మీరన్నదే నిజమేమో."

ఆ మాట అనకుండా ఉంటే బాగుండేదని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది. బావికి పోవడం మానేదాకా, చేపలను తీసేసేదాకా ప్రభువు బల్ల సంస్కారంలో ఆమెకు రొట్టె, ద్రాక్షారసం ఇచ్చేది లేదని చెప్పారు. అప్పటికీ మానకపోతే సంఘంలోనుంచి తీసేస్తామన్నారు. పెద్దనాయన ఒక్కసారి లేచి నిలబడ్డాడు. భార్య పక్షాన మాట్లాడతాడని నేను ఆశపడ్డాను. "నేను తీపిస్తా," అన్నాడు. అంతే చెప్పి గుడి దిగి వెళ్ళిపోయాడు.

తీసే రోజు నేను బడికి సెలవు పెట్టి పెద్దమ్మ దగ్గర ఉన్నాను. నది ఒడ్డు పల్లెలనుంచి వలలవాళ్ళు వచ్చారు. ముందు నీళ్ళు తోడాలి కాబట్టి ఆయిల్ ఇంజను పెట్టారు. ఆ చప్పుడు ఊళ్ళోకి బాగా వినబడుతున్నది. పెద్దమ్మ బియ్యంలో రాళ్ళు ఏరుతూ కూర్చుంది, ఏరినవే మళ్ళీ మళ్ళీ ఏరింది. పొద్దు వాలే వేళకు ఇంజను ఆగింది. ఆమె చేట కింద పెట్టి, "అయిపోయినాదేమో," అంది. పెద్దనాయన మోకాళ్ళదాకా బురదతో వచ్చి, ఒక్కటీ మిగలలేదని చెప్పి స్నానానికి పోయాడు. వాటిని ఏం చేశారని ఆమె అడగలేదు.

తర్వాతి సంస్కారపు ఆదివారం ఆమె అందరితోపాటు ముందుకుపోయి మోకరించి రొట్టె తీసుకుంది. అయ్యగారు సంతోషించాడు. ఇంట్లో మాత్రం మాటలు కరువయ్యాయి. వాళ్ళిద్దరూ పోట్లాడుకోలేదు, పోట్లాడుకుని ఉంటే బాగుండేది. అన్నం పెట్టేది, ఆయన తినేవాడు. పులుసు మిగిలిందా, పశువులకు నీళ్ళు పెట్టారా, అంతే. పొద్దున ఆయన ఎక్కడికో పోయి వచ్చేవాడు, ఆమె ఎక్కడికని అడిగేది కాదు. ఆమె ఒళ్ళు కరిగిపోయింది. కర్నూలు పెద్దాసుపత్రిలో చూపిస్తే రోగమేమీ పట్టుబడలేదు. రెండో వానాకాలం దాటకముందే పోయింది. వేపచెట్టు పక్కన, కొడుకు ఎడమ వైపున పెట్టారు. అయ్యగారు కళ్ళ నీళ్ళతో ప్రార్థన చేశాడు.

మూడో రోజు పొద్దున పెద్దనాయన నన్ను బావి దగ్గరికి రమ్మన్నాడు. పైమెట్టు మీద కూర్చుని పంచె కొంగులోనుంచి జొన్నరొట్టె తీశాడు. తుంచి వేస్తే నీళ్ళు కదిలాయి. ఒక నల్లని వీపు, ఒకటే, పైకి వచ్చి ముక్క అందుకుని మునిగింది. 

"ఆ పొద్దు బురదలో దాక్కునింది పాపా. వలలోల్లు పోయినంక నాకు కనబడింది. పట్టుకొనేకి చేతులు రాల్యా. ఆ పొద్దునుంచి నేనే వస్తాండా."

"పెద్దమ్మకు చెప్పలేదా?"

"చెప్తే మళ్ళా వస్తాది. మళ్ళా జనం చూస్తారు. సంఘంలోనుంచి తీసేస్తే సమాధుల తోటలో చోటియ్యరు. ముందొకాయన్ను అట్లే తీసేసి, పోయినంక చేను గట్టున పెట్టిరి, నేను చూసినా గదా. మీ పెద్దమ్మకు వాని పక్కన చోటు లేకపోతే ఎట్ల? నాకదే భయం. దానికోసమే తీపిస్తానని లేసి నిలబడింది."

ఆ బెంచీ మీదనుంచి ఆయన లేచినప్పుడు నేనేమనుకున్నానో, పెద్దమ్మ ఏమనుకుని ఉంటుందో తలచుకున్నాను. ఆయన పక్కన మెట్టు మీద కూర్చున్నాను. ఒక్కటి మిగిలిందని ఆమె చెవిలో వేసి ఉంటే ఎంత ఊరట పడేదో అన్నాను. ఆయన నన్ను కోప్పడలేదు.

"చెప్దామనే అనుకున్యా పాపా. పండగ పోనీ అనుకున్యా. ఒళ్ళు కొంచెం నెమ్మదించనీ అనుకున్యా. అది నా పక్క చూడకపాయ, నేను నోరు తెరవకపోతి."

వచ్చిన ఎండాకాలంలోనే నాకు కడప వైపు బదిలీ అయింది. తర్వాత కొన్నేళ్ళకు పెద్దనాయన కూడా పోయాడు, కొడుకు కుడి వైపున పెట్టారు. ఆ చేన్లు ఇప్పుడు కంపెనీల కంచె లోపల ఉన్నాయి. బావి పూడ్చారో లేదో నేను పోయి చూడలేదు. కాలం చాలక కొన్ని మాటలు మిగిలిపోయాయని చాలామంది అంటుంటే విన్నాను. ఆ ఇంట్లో కాలానికి తక్కువ కాలేదు. ఎదురెదురుగా కూర్చుని అన్నం తిన్న పొద్దులు ఎన్నో ఉన్నాయి, ఒక్క మాటకు వాటిలో ఏదైనా సరిపోయేది.