కెమెరా కోసం దాచిన మాట

మర్రిగూడ వైపు పల్లెలో మా ఆయన బడిపంతులు. పోయిన ఎండాకాలం పట్నం నుంచి ఒక డాక్టరు జీపులో సినిమా కెమెరా తెచ్చాడు. ఈ ఊళ్లో మనుషులకు, పశువులకు కాళ్లెందుకు వంగిపోతున్నాయో పరిశోధన అన్నాడు. బి.ఏ. చదివినదాన్నని ఊరివాళ్లకు నన్నే నచ్చజెప్పమన్నాడు.

బడి ముందు నేల మీద సున్నంతో గీత గీశారు. దాని మీద మొదట కుంటెద్దును నడిపించారు. తర్వాత పక్కింటి అవ్వను. కర్ర పట్టుకోకూడదు, చీర మోకాళ్ల పైకి ఉండాలి. మూడుసార్లు నడిపించారు.

"ఎద్దును ఒక్కపారే నడిపిస్తిరి. దానికన్న నా నడక మంచిగున్నదా?" అంది అవ్వ. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

ఆ పెట్టె చూపు పడితే నయమవుతుందనుకొని తల్లులు పిల్లలను ఎత్తుకొచ్చి వరుస కట్టారు. అది మందు కాదని డాక్టరు చెప్పలేదు. చెప్పాల్సిన నేనూ ఊరుకున్నాను.

సాయంత్రం డాక్టరు నా రెండేళ్ల కొడుకును తెమ్మన్నాడు.

"ఇంకా వంగని కాళ్లు కూడా కావాలమ్మా."

"ఇంకా అంటే?"

"బడి పక్క బావి నీళ్లేగా తాగిస్తున్నారు? దోషం ఆ నీళ్లలోనే. చలికాలంలోనే పరీక్షలో తేలింది. వాగు దగ్గరి బావి మంచిది."

"మరి ఊరికి చెప్పలేదేం?"

"రెండేళ్లకు వచ్చి ఇవే కాళ్లను మళ్లీ తీయాలి. మధ్యలో నీళ్లు మారిస్తే ఏం పోల్చుతాం? చదువుకున్నారు, మీకు తెలియనిదేముంది."

నా చదువు మీద నాకే అసహ్యం వేసింది. కొడుకును చంకనెత్తుకొని నేరుగా బావి దగ్గరికి వెళ్లి, నీళ్లు తోడుతున్న ఆడవాళ్లందరికీ చెప్పాను. అవ్వ అక్కడే ఉంది.

"వాగు మైలు దూరం. గీ కాళ్లతోని నేనేడ పోత బిడ్డా? జర ముందుగాల జెప్పకపోయిరి."

ఇప్పుడు పొద్దున్నే వాగు బావికి పోతాను. ఒక కడవ మాకు, ఒకటి అవ్వకు. కొడుకు ముందు నడుస్తుంటే వెనక నుంచి వాడి కాళ్లే చూస్తాను. చిన్నపిల్లల కాళ్లు కొంచెం వంకరగానే ఉంటాయంటాడు మా ఆయన. ఏ వంకర మామూలుదో, ఏది కాదో ఆ డాక్టరుకు తెలుసు. ఆ బొమ్మలన్నీ అతని దగ్గరే ఉన్నాయి.