బంతి కడిగి ఆడినోళ్లు

పొద్దున ఫోన్‌లో ఒక పాత ఫొటో చూసినా. అమెరికాలో నల్లజాతి వాళ్ల బాస్కెట్‌బాల్ టీం. తెల్లవాళ్లు తమ పోటీల్లోకి రానీకుంటే సొంతంగా టీములు కట్టుకొని ఆడినారంట. ఎంత గెలిచినా చరిత్రలో వాళ్ల పేర్లు రాయలేదంట.

చూస్తానే పెనుకొండ పక్కన మన కాలనీ గుర్తొచ్చింది. జ్ఞాపకం ఉండాదా మే సుంకమ్మా, వేపచెట్టుకు మా నాయన కొట్టిన సైకిల్ రిమ్ము? ధర్మవరం మగ్గాల కాడ పారేసిన పట్టుపోగులు తెచ్చి మా అవ్వ దానికి అల్లిన వల? బంతి పడితే ఎర్రగా, పచ్చగా ఊగేది.

స్కూల్లో పెద్దకులాల ఆడపిల్లలు మనల్ని టీంలో చేర్చుకోలేదు. మన మారెక్క రెచ్చగొడితే ఒక్కసారి మనతో ఆడినారు. అదీ, మనం ముట్టిన ప్రతిసారీ బంతిని చెంబునీళ్లతో కడిగి!

"బాగా కడగండి మే, తడిబంతి మీ చేతుల్లోనే జారేది" అని నవ్వింది మారెక్క. అట్లే జారింది. మనమే గెలిచినాం.

స్కూలు గోడ మీద మాత్రం ఈపొద్దుకీ ఓడినోళ్ల ఫొటోనే ఉండాది.

అందుకే మన పేర్లు ఈడ రాస్తాండా. మారెక్క, సుంకమ్మ, గంగమ్మ, ఓబులమ్మ, రత్నమ్మనైన నేను.

ఇప్పుడీ పేర్లను కడగమను మే, చూద్దాం.