నూట పన్నెండో పేజీలో బడిపిల్ల

ఆక్లాండ్ శివారు న్యూ లిన్‌లో మా తెలుగువాళ్లమంతా మాష్టారని పిలుచుకునే పెద్దాయన మొన్న ఆదివారం పొద్దున కన్నుమూశారు. ఆయన కోడలు ఫోన్ చేసి చెప్పింది.

ఆయన నాకు పాఠాలు చెప్పలేదు. చదువుకునే రోజుల్లో నేను ఆక్లాండ్ సిటీలో ఒక లైబ్రరీలో పుస్తకాలు సర్దే పార్ట్‌టైం పని చేసేదాన్ని. ఆఫ్రికా స్వాతంత్ర్య నాయకుడొకరి ఆత్మకథలో ఎప్పుడు చూసినా ఒక చీటీ ఉండేది. ఎవరో మర్చిపోయారనుకుని పారేసేదాన్ని. వారం తిరక్కుండానే మళ్లీ కనిపించేది. నాలుగోసారి ఆయనే ఎదురుగా వచ్చి నిలబడ్డారు.

"అమ్మాయ్, తెలుగుపిల్లలా ఉన్నావు. నా చీటీలు పారేస్తున్నది నువ్వేనా?"

సిగ్గుతో చచ్చిపోయాను. ఆయన మాత్రం కుర్చీ లాక్కుని కూర్చుని, తీరిగ్గా చెప్పారు. వయసులో ఉన్నప్పుడు జాంబియాలో లెక్కల మాష్టారుగా పనిచేశారు. అప్పుడు పక్కదేశంలో స్వాతంత్ర్య పోరాటం నడుస్తోంది. అక్కడినుంచి తప్పించుకొచ్చిన పిల్లలు ఆయన క్లాసులో కూర్చునేవారు. వాళ్లలో ఒకమ్మాయి ఉద్యమం కాగితాలను లెక్కల నోటుబుక్కులో దాచి సరిహద్దు దాటించేది. ఒకసారి వెళ్లి మరి తిరిగి రాలేదు. ఆ పోరాటం నడిపిన నాయకుడు తన ఆత్మకథలో ఆమెను "ఒక బడిపిల్ల" అని రాసి ఊరుకున్నాడు. మాష్టారి చీటీలో ఇంగ్లీషులో ఉండేది ఒక్క ముక్కే: "నూట పన్నెండో పేజీలో బడిపిల్ల పేరు తాండీవే."

"ఆయన మీద కోపమా మాష్టారూ?" అన్నాను.

"కోపమెందుకమ్మా! అన్నేళ్లు జైల్లో మగ్గిన మనిషి. ఎంతమందినని గుర్తుపెట్టుకుంటాడు? నాకు గుర్తుంది, నేను రాస్తున్నాను. అంతే."

అలాంటి నాయకుల ఆత్మకథలు ఆయన ఇంట్లో బీరువా నిండా ఉండేవి. జైలు అధ్యాయం చదువుతున్నంతసేపూ టీ కూడా ముట్టేవారు కాదు. కూతురిని చూడ్డానికి వెల్లింగ్టన్ వెళ్లినా, ఆ ఊరి ఈదురుగాలిలో టోపీ పట్టుకుని, అక్కడి కాపీలోనూ చీటీ పెట్టడానికి ముందు లైబ్రరీకే నడిచేవారట. ఇంట్లోవాళ్లు చాదస్తం అని విసుక్కునేవారు. నాకు మాత్రం అది చాదస్తం అనిపించలేదు. యాభై ఏళ్లుగా ఒక పిల్ల పేరు చెరిగిపోకుండా కాపలా కాస్తున్న మనిషిని అంతకుముందు నేనెక్కడా చూడలేదు.

కిందటి నెల చూడ్డానికి వెళితే చెయ్యి పట్టుకుని అడిగారు. "నేను పోయాక ఆ పేరు ఎవరికి తెలుస్తుందమ్మా?"

దహనం అయిన మర్నాడు కొత్త చీటీ రాసుకుని ఆ లైబ్రరీకి వెళ్లాను. పుస్తకం తెరిస్తే మాష్టారి చీటీ అక్కడే ఉంది. ఆయన అక్షరాల కింద ఎవరో పెన్సిలుతో రాశారు: "నూట నలభయ్యో పేజీలో లారీ డ్రైవరు మా తాతయ్య. పేరు సిఫో." దాని కింద ఇంకో చేతిరాత, ఇంకో పేజీ, ఇంకో పేరు. చోటు చాలక వెనక్కి తిప్పి కూడా రాశారు.

నా చీటీ సంచిలోనే ఉంచేసి, ఒక తెల్లకాగితం మడిచి మాష్టారి చీటీ పక్కన పెట్టి వచ్చాను.