సర్కారు దిక్కున సుగుణ మేడం

ఫిల్మ్ నగర్‌లో మేముండే వీధి మలుపున ఒక టీ బండి ఉంది. పొద్దున్నే అక్కడ అల్లం దంచుతుంటే ఆ ఘాటు మా బాల్కనీ దాకా వస్తుంది. అది ముక్కుకు తగిలితే చాలు, సుగుణ మేడం గుర్తొస్తారు. ఆవిడ సెషన్స్ కోర్టులో పబ్లిక్ ప్రాసిక్యూటర్. నిందితులకు ఎదురుగా నిలబడి ప్రభుత్వం తరఫున వాదించడం ఆవిడ పని. ఇల్లు జూబ్లీహిల్స్‌లో. నేను గుంటూరు నుంచి వచ్చి కొత్తగా నల్లకోటు వేసుకున్న రోజుల్లో, చేతిలో ఒక్క కేసూ లేక వెనక బెంచీలో కూర్చునేదాన్ని. మధ్యాహ్నం మేడం పిలిచి తన ఫ్లాస్కులోని అల్లం టీ పోసేవారు. "కేసుల్లేవని ఫికర్ చెయ్యకు బిడ్డా. జర మనసు పెట్టి ఇను. ఇనుడు గూడ పనే," అనేవారు.

ఒకరోజు యాదగిరి అనే అతని అప్పీలు విచారణకు వచ్చింది. అతను ఒక సినిమా కంపెనీ వ్యాన్ డ్రైవర్. ఫిల్మ్ నగర్ వాలు రోడ్డు మీద అతని వ్యాన్ తగిలి పూలమ్మే ఒకావిడ కాలు విరిగింది. నిర్లక్ష్యంగా నడిపాడని కింది కోర్టు జైలుశిక్ష వేసింది. అప్పీలు చేసుకుని బెయిలు మీద బయటికొచ్చాడు. ఆ తర్వాత వాయిదాలకు అతనూ రాలేదు, అతని లాయరూ రాలేదు. ఆ రోజూ పేరు పిలిస్తే ఎవరూ పలకలేదు.

"అప్పీలు చేసుకున్నాయనకే పట్టకపోతే మనమేం చేస్తాం? కొట్టేస్తున్నాను," అన్నారు జడ్జిగారు. అంటే అతను జైలుకు వెళ్లవలసిందే.

సుగుణ మేడం లేచారు. "సార్, మనిషి రాలేదు గానీ రికార్డు ఉంది. రాలేదన్న ఒక్క కారణంతో క్రిమినల్ అప్పీలు కొట్టెయ్యకూడదు. సాక్ష్యాలు చదివి తేల్చాలి. లాయరు లేకపోతే కోర్టే ఒకరిని పెట్టొచ్చు."

"మీరు ప్రాసిక్యూషన్ కదమ్మా. కొట్టేస్తే గెలిచేది మీరే."

"అవతల ఎవరూ లేకుండా గెలిచి సర్కారు ఏం చేసుకుంటది సార్?"

జడ్జిగారు అప్పీలు కాగితాలు మళ్లీ తెరిచారు. తర్వాత ఆయన చూపు వెనక బెంచీల మీదుగా వచ్చి నా దగ్గర ఆగింది. నా మొదటి కేసు అలా వచ్చింది.

యాదగిరిని వెతుక్కుంటూ వెళ్లేసరికి కంపెనీ ఆఫీసు ముందు వ్యాన్ కడుగుతున్నాడు. సంగతి చెబితే తెల్లబోయాడు. "మా వకీల్ సాబ్‌కు పాణం బాగలేక ఊరికి పోయిండమ్మా. మల్ల నన్ను పిలిచేటోళ్లు లేరు. ఎప్పుడో పోలీసులొస్తరు, పోదాం అనుకున్న. ఇంట్ల మాత్రం చెప్పలే," అన్నాడు.

రికార్డు చదివాను. పూలమ్మే ఆవిడ తాను అటు తిరిగి ఉన్నానని చెప్పింది. వ్యాన్ అడ్డదిడ్డంగా వచ్చిందని చెప్పినవాడు ఒక్క దుకాణదారే. అతను కూడా, చప్పుడు విన్నాకే బయటికొచ్చానని క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఒప్పుకున్నాడు. ఆ మాటలు కోర్టులో చదివాను. జడ్జిగారు సుగుణ మేడం వైపు చూశారు. ఆవిడ తడుముకోలేదు. "అవును సార్. వ్యాన్ ఎట్లా వచ్చిందో కళ్లారా చూసినవాళ్లు మా రికార్డులో లేరు," అన్నారు.

శిక్ష కొట్టేశారు.

వరండాలో యాదగిరి నాకు దండం పెట్టి, ఆవిడ దగ్గరికి వెళ్లాడు. "మేడం, మీరు మొదటి సంది నా దిక్కే ఉన్నరా?"

"లేదయ్యా. నేను సర్కారు దిక్కే ఉన్న," అన్నారావిడ. "ఆ పూలమ్మే ఆమె కాలు విరిగింది నిజం. ఒకపారి పోయి కలువు. బండి పైలంగ నడుపు."

సుగుణ మేడం ఇప్పుడు లేరు. ఆవిడ చేసిన ఉద్యోగమే నేనూ చేస్తున్నాను. అప్పీలు చేసుకున్నవాళ్ల పేరు పిలిచాక కోర్టు హాల్లో ఎవరూ కదలని రోజులు వస్తూనే ఉంటాయి. అప్పుడు లేచి, రికార్డు చదువుదామంటాను. చదివాక చాలాసార్లు కింది కోర్టు తీర్పే నిలుస్తుంది. మనిషి రానందుకు కాక, సాక్ష్యం ఉన్నందుకు నిలిచిందన్న తృప్తితో ఆ రోజుల్లోనూ హాయిగానే ఇంటికి వస్తాను.