కుంటి చుక్కకు కావలున్న బాబా

బాబా పోయిండని సైట్ మీద ఉండంగ తెలిసింది. నా తర్వాత ఆయన తోటల పనికి కుదిరిన బంగ్లాదేశ్ ఆయన ఫోన్ చేసి, "పొద్దుగాల పోయిండు, మధ్యాహ్నానికే మట్టి చేసిన్రు" అన్నడు. ఫోన్ జేబుల పెట్టుకొని మళ్ల సిమెంట్ బస్తా ఎత్తుకున్న. ఏడుపు రాలేదు. ఆ ఎండల ఏడ్వడానికి గూడ ఓపిక కావాలె.

ఇప్పుడు మస్కట్ పక్కన అల్ అమెరాత్‌ల బిల్డింగుల పని చేస్తున్న. అంతకుముందు ఏండ్ల తరబడి అక్కడి కొండల వెనక ఊర్లె బాబా ఖర్జూరపు తోట చూసుకున్న. ఆయన నా యజమాని. కాని మొదటి దినమే "బాబా అను" అన్నడు. నన్ను సదీఖ్ అని పిలిచేటోడు, దోస్తూ అన్నట్టు.

ఆ ఊరికి కొండ లోపల నుంచి సన్న కాలువల నీళ్లు వస్తయి. ఒక్కో తోటకు ఒక్కో వంతు. రాత్రి వంతులు చుక్కలను చూసి మార్చేది. కొండ మీదికి ఒక చుక్క ఎక్కితే ఒకరి వంతు అయిపోయినట్టు, ఇంకొకరిది మొదలైనట్టు. చుక్కలు చూసి చెప్పేది బాబా. అందరికీ ఫోన్లు వచ్చి టైం తెలిసినంక గూడ ఊరు ఆయన మాటే వినేది.

ఆ చుక్కలల్ల ఒక ఎర్రదాన్ని వాళ్లు కుంటిది అంటరు. మనిషి బతుకుల ఒకసారో రెండుసార్లో అది మాసిపోయి, నెలల కొద్దీ ఉన్నదో లేదో తెలువకుంట అయితది. నమ్మరాని చుక్క అని, దాని వంతు పాతోళ్లు ఎవరి పేరు మీదా పెట్టలేదట. ఆ నీళ్లు ఏ వంతూ లేనోళ్లకు. మా పక్కన ఒక ముసలమ్మ నిమ్మచెట్లు వాటితోనే బతికేటివి.

నేను ఉండంగనే అది మాసిపోవట్టింది. ఆ ఎండకాలం బాబా జ్వరంతోని పడుకున్నడు. "కుంటిది ఎక్కంగనే ముసలమ్మ దిక్కు నీళ్లు తిప్పు" అని నాకు అప్పజెప్పిండు. పొద్దంత ఖర్జూరపు మట్టలు కొట్టి ఉన్న. కాలువ గట్టు మీద కూసొని కొండ దిక్కు చూసిన, చూసిన. కండ్లు మూసుకపోయినయి. లేచేసరికి తెల్లారవట్టింది. మా తోట మునిగి ఉంది, ముసలమ్మ పాదులు ఎండి ఉన్నయి.

"ఎప్పుడు ఎక్కింది?" అని అడిగిండు బాబా.

"ఇప్పుడే బాబా, తెల్లారంగ" అన్న.

బాబా లేచిండు. కట్టె పట్టుకొని, వణుక్కుంట కాలువ కాడికి పోయి, మా తర్వాతి వంతు మొత్తం ముసలమ్మకు తిప్పిండు. వచ్చి నా పక్కన కూసున్నడు. "అలసిపోవుడు తప్పు గాదు సదీఖ్. కనవడకపోతే కనవడలేదని చెప్పు. నువ్వు చూసినవనుకొని ఇంకొకడు నీళ్లు తిప్పుకుంటడు."

ఆ తర్వాత మస్కట్ నుంచి చదువుకున్నోళ్లు ఆ చుక్కను చూసేటందుకు దుర్బీను పట్టుకొని వచ్చిన్రు. అది ఒక్క చుక్క గాదట, రెండట. దుమ్ము కప్పుకున్న రెండోది అడ్డం వచ్చినప్పుడు మొదటిది మాస్తదట. అసొంటివి ఆకాశంల శానా తక్కువట. కిందటిసారి ఎప్పుడు మాసిందో వాళ్ల పుస్తకాలల్ల సరిగ్గ లేదు. బాబా ఒక పొడుగాటి చెట్టు మీద చెయ్యి వేసి, "మా నాయిన దీన్ని నాటిన ఏడాది మాసింది. అప్పుడు నాకు పాలపండ్లు ఊడుతుండె" అన్నడు. వాళ్లల్ల ఉన్న మేడం గబగబ రాసుకుంది.

ఈసారి సంగతి గూడ ఒక్కొక్క దినం అడుక్కుంట వచ్చిన్రు. జ్వరం దినాల కాడికి వచ్చేసరికి బాబా నన్ను చూపెట్టి, "ఇతన్ని అడుగున్రి" అన్నడు.

"చూడలేదు మేడం. నిద్రపోయిన" అన్న.

ఆమె అది గూడ రాసుకుంది. "చూడలేదని చెప్పినవు, మంచిదయింది. లేనిది రాసుకుంటే మా లెక్కంత తప్పేది" అంది. బాబా ఖర్జూరాల పళ్లెం నా ముందుకు జరిపిండు. వాళ్లు పోయినంక తనల తాను అన్నట్టు, "అయితే అది కుంటిది గాదు. ఇంకొకర్ని వెంటేసుకొని నడుస్తది" అన్నడు.

తర్వాత బాబాకు చూపు తగ్గింది. ఆయన కొడుకు తోటను తన చేతికి తీసుకొని జీతం తగ్గించిండు. నేను కంపెనీల చేరిన. పోయిన చలికాలం, ఒక రాత్రి కంపెనీ బస్సు కోసం నిలబడి ఉండంగ ఆయన ఫోన్ చేసిండు. "సదీఖ్, ఆ చుక్క మళ్ల బాగైందంటున్నరు. నాకు కండ్లు ఆనుతలేవు. నువ్వు చూసి చెప్పు."

తల ఎత్తి చూసిన. సైట్ లైట్లు, దుమ్ము. "కనవడ్తలేదు బాబా."

"మంచిది" అన్నడు. ఆయన నాతో అన్న ఆఖరి మాట అదే.

శుక్రవారం డ్యూటీ లేదు, బాబా ఊరికి పోయిన. కొడుకు నన్ను ఊరి బయటికి తీస్కపోయి ఖబరస్తాన్ గోడ అవతలికి చెయ్యి చూపెట్టిండు. ఏ సమాధి మీదా పేరు లేదు, తల కాడ ఒక రాయి అంతే. గోడ నీడల, బాబాను కప్పిన కొత్త మట్టి మీద రెండు మేకలు ఒకదానికొకటి ఆనుకొని పండుకున్నయి. కొడుకు వాటిని కొట్టడానికి రాయి అందుకున్నడు.

"ఉండనియ్" అన్న.

రాయి కింద పడేసిండు. మేకలు కండ్లు గూడ తెరువలేదు.