అమ్మ ముట్టని ప్రభువు బల్ల

ఇది రాయొద్దనే అనుకున్న. పొద్దున దిల్‌సుఖ్‌నగర్ల నల్లద్రాక్ష బండి వాసన కొట్టింది, ఇగ చెయ్యి ఊకుంటలేదు.

నెల మొదటి ఆదివారం ప్రభువు బల్లకు మనిండ్లల్ల ద్రాక్షలు ఉడకబెట్టే వాసన యాదుందా? యేసు రక్తమని చర్చిల అందరు తాగే ఆ రసం, మా చర్చికి అమ్మనే కాచేది, సత్తు గిన్నెల. (సత్తు గిన్నెల సొట్టలు తీసేటాయనది వేరే కథ.) తను మాత్రం చుక్క ముట్టకపోయేది. మా తమ్ముడు జ్వరంతోని పోయిననాడు దేవుణ్ణి నోటికొచ్చినట్టు తిట్టింది మరి.

"ఆయన క్షమిస్తడే," అనేటోడు నాయిన.

"ఆయన క్షమిస్తడు. నేనే ఆయనను క్షమించలే. గీ మనసుతోని తాగితే నరకమే."

ఆఖరికి అమ్మ చావుబతుకుల్ల ఉంటే, దవాఖానకే పాస్టరు రసం గిన్నె తెచ్చిండు. "ఇప్పుడన్న తీస్కో అమ్మా, రక్షణ పోగొట్టుకోకు."

అమ్మ పెదవులు బిగబట్టి గోడ దిక్కు తిరిగింది.

నాయిన పాస్టరును బస్సెక్కియ్య పోయిండు. తిరిగొచ్చేసరికి అమ్మ లేదు.